వేలికొనలు పోయాక పుట్టిన మంద్రం: టోనీ అయోమీ గిటార్ కథ

ఒంగోలు, కావలి, నెల్లూరు ఇంజినీరింగ్ కాలేజీల కల్చరల్స్‌లో ఎలక్ట్రిక్ గిటార్ కనిపించడం ఇప్పుడు వింతేమీ కాదు. సినిమా పాటల మధ్య ఎవరో ఒక కుర్రాడు డిస్టార్షన్ పెడల్ తొక్కి బరువైన రిఫ్, అంటే మళ్లీ మళ్లీ తిరిగొచ్చే గిటార్ సంగతి, ఒకటి అందుకుంటాడు. ముందు వరసలో లెక్చరర్లు ఒకరి మొహం ఒకరు చూసుకుంటారు, వెనక వరసలు లేచి నిలబడతాయి. ఆ రిఫ్ ఏ బ్యాండ్‌దైనా సరే, దాని వంశం వెతుక్కుంటూ వెనక్కి వెళ్తే దాదాపు ఎప్పుడూ తేలేది ఒక్క పేరే. ఇంగ్లండ్‌లోని బర్మింగ్‌హామ్‌లో 1948 ఫిబ్రవరి 19న పుట్టిన టోనీ అయోమీ. బ్లాక్ సబాత్ బ్యాండ్ గిటారిస్టు.

ఆయన జీవితాన్ని సంకల్పబలం కథగా చెప్పడం అలవాటైపోయింది. వేళ్లు తెగినా వెనక్కి తగ్గలేదు, ప్రపంచాన్ని గెలిచాడు అని. ఇందులో అబద్ధం లేదు. కానీ ఇలా చెప్పినప్పుడు అసలు సంగతి జారిపోతుంది. దెబ్బ తగిలిన చేతిని పాత గిటార్‌కు లొంగదీయడానికి అయోమీ తంటాలు పడలేదు. గిటార్‌నే విప్పి, తీగ మార్చి, శ్రుతి దించి తన చేతికి తగ్గట్టు చేసుకున్నారు. హెవీ మెటల్ అనే రాక్ శాఖగా మనం ఇవాళ గుర్తుపట్టే నాదంలో పెద్ద భాగం ఆ సర్దుబాట్ల ఫలితమే. ఇది పనిముట్లు తెలిసిన ఫ్యాక్టరీ కార్మికుడు చేసిన పని. చీమకుర్తి గ్రానైట్ మధ్య, మార్కాపురం పలకల ఫ్యాక్టరీల మధ్య పెరిగినవాళ్లకు ఈ కథ చెబితే వేరే ఊరి కథలా వినిపించదు.

అయోమీది ఇటలీ మూలాలున్న కుటుంబం. తల్లిదండ్రులకు ఆయన ఒక్కడే సంతానం. ఆస్టన్ అనే కార్మికవాడలో చిన్న దుకాణం నడిపేవాళ్లు. ఇంట్లో అకార్డియన్ వాయించే అలవాటు ఉంది, పిల్లాడూ ముందు దాన్నే పట్టుకున్నాడు. డ్రమ్స్ కావాలని అడిగితే ఇంట్లో ఆ మోత కుదరదన్నారు. అలా గిటార్ చేతికి వచ్చింది. ఎడమచేతి వాటం కాబట్టి ఎడమ చేత్తో మీటడం, కుడిచేతి వేళ్లతో ఫ్రెట్ల మీద, అంటే గిటార్ మెడ మీది మెట్ల మీద, తీగ నొక్కడం. ఈ సంగతి గుర్తుంచుకుంటే తర్వాత జరిగినదాని తీవ్రత తెలుస్తుంది.

పదిహేడేళ్ల వయసులో ఆయన రేకులు కోసి వంచే ఫ్యాక్టరీలో వెల్డింగ్ పని చేసేవారు. ఒక బ్యాండ్‌తో జర్మనీ వెళ్లి వాయించే అవకాశం రావడంతో పని మానేయడానికి నిర్ణయించుకున్నారు. అదే ఫ్యాక్టరీలో ఆఖరి రోజు. ఆయనకు రేకు వంచి అందించే కార్మికురాలు ఆ రోజు రాలేదు. ఆమె యంత్రం మీద, అంతకుముందు ఎప్పుడూ చేయని పనికి, ఈయనను పెట్టారు. మధ్యాహ్నం భోజనానికి ఇంటికి వెళ్లి, మళ్లీ పోనని అంటే, మొదలుపెట్టిన పని పూర్తి చేసి రావాలని తల్లి పంపింది. ప్రెస్ కుడిచేతి మీద పడింది. ఉలిక్కిపడి చెయ్యి వెనక్కి లాగేసరికి మధ్య వేలు, ఉంగరపు వేలు కొనలు అక్కడే ఉండిపోయాయి. తీగ నొక్కే చేతికే ఆ దెబ్బ.

ఈ ప్రమాదాన్ని విధి అనడం తేలిక. కానీ దీనిలో ప్రతి అంశమూ ఫ్యాక్టరీ ఇన్‌స్పెక్టర్ రిపోర్టులో ఉండేదే. పనివాళ్లు తక్కువైన రోజు, అలవాటు లేని యంత్రం, పద్దెనిమిది నిండని కుర్రాడు, నేర్పకుండా నిలబెట్టడం. అయోమీ పుట్టిన 1948లోనే మన దేశంలో వచ్చిన ఫ్యాక్టరీల చట్టంలో 23వ సెక్షన్ సరిగ్గా దీని గురించే. ప్రమాదకరమైన యంత్రం మీద చిన్న వయసు కార్మికుణ్ణి పెట్టాలంటే ముందు దాని ప్రమాదాలు పూర్తిగా చెప్పాలి, తగిన శిక్షణ ఇవ్వాలి, లేదా తెలిసినవాళ్ల పర్యవేక్షణ ఉండాలి అనేది. ఇక నష్టపరిహారం సంగతి. 1923 నాటి కార్మిక నష్టపరిహార చట్టం పట్టికలో మధ్య వేలి చివరి కణుపు పోతే సంపాదన శక్తిలో 7 శాతం నష్టం, ఉంగరపు వేలికైతే 5 శాతం అని రాసి ఉండేది. రెండూ కలిపి 12. కూలికి పనిచేసే చేతిని కొలవడానికి ఒక లెక్క కావాలి, అందుకే పట్టిక. అదే చెయ్యి సాయంత్రం పూట ఏం చేస్తుందో పట్టిక అడగదు. డప్పు కొడుతుందా, హార్మోనియం వాయిస్తుందా, గిటార్ తీగ నొక్కుతుందా అన్నది దానిలో ఎక్కడా ఉండదు. గుండ్లాపల్లి గ్రోత్ సెంటర్‌లోనో చీమకుర్తి పాలిషింగ్ యూనిట్లలోనో రాయి కోసే, అంచులు నునుపు చేసే కార్మికుల్లో భజన బృందాల్లో వాయించేవాళ్లు ఉండరా? చెయ్యి నలిగితే వాళ్లకు పోయేది పన్నెండు శాతమేనా?

అయోమీని డాక్టర్లు ఇక గిటార్ మరిచిపొమ్మన్నారు. ఆ సమయంలో ఫ్యాక్టరీ మేనేజరు ఒకాయన ఇంటికి వచ్చి ఒక రికార్డు ఇచ్చి వినమన్నారు. అది జ్యాంగో రైన్‌హార్ట్ అనే జాజ్ గిటారిస్టుది. 1928లో తాను ఉంటున్న బండికి నిప్పంటుకుని రైన్‌హార్ట్ ఎడమచేతి ఉంగరపు వేలు, చిటికెన వేలు కాలి ముడుచుకుపోయాయి. తర్వాత ఆయన సోలోలన్నీ ముఖ్యంగా రెండు వేళ్లతోనే వాయించారు. విన్నాక ఈ సంగతి తెలిసి అయోమీ మళ్లీ గిటార్ తీశారు.

ఇక్కడి నుంచి చేసిందంతా వర్క్‌షాప్ పని. పాత్రలు కడిగే లిక్విడ్ వచ్చే ప్లాస్టిక్ సీసా తీసుకుని కరిగించి ముద్ద చేశారు. అది గట్టిపడ్డాక వేడి సోల్డరింగ్ ఐరన్‌తో వేలు దూరేంత రంధ్రం చేశారు. గంటల తరబడి అరగదీసి వేలికొన ఆకారం తెచ్చారు. తొడిగి చూస్తే తీగ మీద ప్లాస్టిక్ జారిపోతోంది. పాత తోలు జాకెట్ నుంచి చిన్న ముక్క కోసి పైన అంటించారు. కొత్త తోలు తీగను సరిగా పట్టదు, అరిగి మెరుపు వచ్చేదాకా రుద్దాలి. అది తెలిశాక రుద్దారు. అదే పాత జాకెట్ ముక్కలను దాచుకుని ఏళ్ల తరబడి వాడినట్టు తర్వాత ఇంటర్వ్యూల్లో చెప్పారు. కోట్లు సంపాదించిన రోజుల్లో కూడా ఆ తొడుగుల సంగతి ఆయన సొంతంగానే చూసుకునేవారు.

తొడుగుతో సమస్య తీరలేదు. వాయించేవాడికి వేలికొన తీగను నొక్కే పనిముట్టే కాదు, తీగ ఎక్కడుందో, ఎంత గట్టిగా నొక్కాలో చెప్పే ఇంద్రియం కూడా. ప్లాస్టిక్ కింద ఆ స్పర్శ లేదు. అందుకే ఆయన అవసరమైనదాని కంటే గట్టిగా నొక్కేవారు. గట్టిగా నొక్కితే తీగ సాగి స్వరం పైకి పోతుంది. దాన్ని చెవితోనే సరిచూసుకోవాలి. ఆయన వాయిద్యంలో నెమ్మదిగా, వెడల్పుగా ఊగే కంపితం వినిపిస్తుందంటే అందులో స్పర్శ లేని వేలు చెవి మీద ఆధారపడిన తీరు కూడా ఉంది.

తర్వాత తీగలు. 1960ల మధ్యలో బజారులో దొరికే గిటార్ తీగలు మందం. తోలు తొడిగిన వేలితో వాటిని వంచడం కష్టం. పైన రెండు తీగల స్థానంలో సన్నటి బ్యాంజో తీగలు వేసుకుని, మిగతావి కిందికి జరిపి వేశారు. సన్న తీగల సెట్ చేసి ఇమ్మని కంపెనీలను అడిగితే అలాంటివి ఎవరు కొంటారన్నారు. చివరకు వేల్స్‌లోని ఒక కంపెనీ చేసి ఇచ్చింది. ఇవాళ ఏ ఊళ్లోనైనా మ్యూజిక్ షాపులో 'నైన్ సెట్' అని అడిగితే చేతిలో పెడతారు. అప్పుడు అది అడగడమే వింత.

ఇక శ్రుతి. దీన్ని మన లెక్కలో చెప్పడమే సులువు. పద్యనాటకం మొదలయ్యే ముందు హార్మోనిస్టు నటుణ్ణి ఎన్నో శ్రుతి అని అడుగుతాడు. గొంతు ఆ రోజు బాగా లేకపోతే ఒక అర శ్రుతి దించమంటాడు నటుడు. పెట్టె గొంతుకు తగ్గట్టు దిగుతుంది, దానికి ఎవరూ తప్పు పట్టరు. గిటార్‌కు మాత్రం ఆ రోజుల్లో ఒకే కట్టుబాటు, అడుగు తీగ మూడు శ్రుతిలో, అంటే పాశ్చాత్యుల ఈ స్వరంలో ఉండాలి. అయోమీ దాన్ని దించుతూ పోయారు. 1971లో వచ్చిన బ్లాక్ సబాత్ మూడో ఆల్బమ్ 'మాస్టర్ ఆఫ్ రియాలిటీ'కి వచ్చేసరికి కొన్ని పాటల్లో గిటార్ ఒకటిన్నర శ్రుతికి దిగింది. పియానో మీద లెక్కేస్తే మూడు మెట్లు.

మూడు మెట్లు దిగితే ఏమవుతుంది? అడుగు తీగ సెకనుకు సుమారు 82 కంపనాల నుంచి 69కి వస్తుంది. అదే తీగ, అదే పొడవు అయితే దాని బిగువు కంపనాల వర్గాన్ని బట్టి మారుతుంది. కాబట్టి బిగువు దాదాపు 29 శాతం తగ్గుతుంది. వేలికి ఇది పెద్ద ఉపశమనం. వంచడం తేలిక, నొక్కడం తేలిక. తొలి ఆల్బమ్ రికార్డింగ్‌లో తన ఫెండర్ స్ట్రాటోక్యాస్టర్ పికప్ (తీగ కంపనాన్ని కరెంటుగా మార్చే భాగం) మొరాయించడంతో ఆయన గిబ్సన్ ఎస్‌జీ పట్టుకున్నారు. ఆ మార్పు కూడా ఈ లెక్కకే కలిసొచ్చింది. స్ట్రాట్‌లో తీగ పొడవు 25.5 అంగుళాలు, ఎస్‌జీలో 24.75. అదే శ్రుతిలో అదే తీగకు ఎస్‌జీలో బిగువు దాదాపు 6 శాతం తక్కువ. సబాత్ శ్రుతి దించడానికి పాడేవాడి గొంతు, నాదంలో బరువు కావాలన్న కోరిక కూడా కారణాలే. కానీ చెయ్యి ముందు నుంచీ అటే లాగుతోంది.

బిగువు తగ్గిన తీగ మీటినప్పుడు కొంచెం ఎక్కువ ఊగుతుంది, మొదటి క్షణంలో స్వరం కాస్త పైకి లేచి స్థిరపడుతుంది. బేస్ గిటారిస్టు గీజర్ బట్లర్ కూడా తన తీగలు దించి అదే రిఫ్‌ను కింద నుంచి నడిపేవారు. రెండు వాయిద్యాలూ ఒకే సంగతిని మంద్రంలో పట్టడం వల్ల గది నిండిపోతుంది. నేలలో నుంచి వచ్చినట్టుండే ఆ మోతను తర్వాతి తరాలు ఎంత దూరం తీసుకుపోయాయంటే, ఇవాళ డూమ్, స్లడ్జ్, స్టోనర్ అని పిలిచే మెటల్ శాఖలకు ఆ 1971 ఆల్బమ్ ఒక ముఖ్యమైన మూలం.

మూడో సర్దుబాటు కార్డులలో, అంటే ఒకేసారి మోగే స్వరాల గుంపుల్లో. పూర్తి కార్డు పట్టాలంటే నాలుగు వేళ్లూ వేర్వేరు తీగల మీద కచ్చితంగా దిగాలి. తొడుగులు వేసుకున్న వేళ్లతో కొన్ని ఆకారాలు అసలు కుదరవు. అయోమీ రెండు స్వరాలతో సరిపెట్టారు. ఆధార షడ్జమం, దానిపై పంచమం. పవర్ కార్డ్ అనేది ఇదే. దీన్ని ఆయన కనిపెట్టలేదు, అంతకుముందు బ్లూస్‌లో, రాక్‌లో ఉన్నదే. కానీ దాని మీదే ఇల్లంతా కట్టింది ఆయన.

తంబురా వినే చెవికి షడ్జమ పంచమాలు కొత్త కాదు. అయితే తంబురా చేసేదొకటి, యాంప్లిఫయర్ బద్దలయ్యేంత గట్టిగా పెట్టినప్పుడు అవే రెండు స్వరాలు చేసేదొకటి. డిస్టార్షన్ అంటే వచ్చిన నాదాన్ని యంత్రం నలగ్గొట్టడం. నలిగినప్పుడు రెండు స్వరాల మధ్య తేడా కూడా కొత్త స్వరంగా బయటికి వస్తుంది. షడ్జమం 110 కంపనాలు, పంచమం 165 అనుకుంటే తేడా 55. అంటే షడ్జమానికి సరిగ్గా ఒక స్థాయి కింద ఉన్న షడ్జమం. ఎవరూ వాయించని ఆ మంద్ర షడ్జమం యాంప్‌లో పుడుతుంది. అందుకే రెండే స్వరాలు అంత లావుగా వినిపిస్తాయి. మధ్యలో అంతర గాంధారం చేరిస్తే నాదం బురదగా మారుతుంది. కారణం గిటార్ మెట్ల అమరికలోనే ఉంది. ఒక మెట్టును వంద సెంట్లు అనుకుంటే, శుద్ధ పంచమానికి గిటార్ పంచమం 2 సెంట్లే తేడా, గాంధారం మాత్రం 14 సెంట్లు పైకి ఉంటుంది. మామూలుగా చెవి సర్దుకుపోతుంది. డిస్టార్షన్ సర్దుకోదు, తేడాను పట్టుకుని పెద్దది చేస్తుంది. వేళ్లు కుదరక వదిలేసిన గాంధారం, ఆ యాంప్‌ల ముందు ఎలాగూ వదిలేయాల్సిన స్వరమే. ఈ కలయిక ఆయన అదృష్టం, దాన్ని గుర్తుపట్టడం ఆయన చెవి గొప్పతనం.

ఆ యాంప్‌లు కూడా ఊళ్లోవే. 1967లో బర్మింగ్‌హామ్‌లో మొదలైన లేనీ కంపెనీ తొలి యాంప్‌లను తీసుకున్నవాళ్లలో అయోమీ ఒకరు.

ఇన్ని చెప్పాక బ్లాక్ సబాత్‌కు పేరు తెచ్చిన ఆ మొదటి రిఫ్ దగ్గర ఆగాలి. బ్యాండ్ పేరే పాట పేరు, ఆల్బమ్ పేరు కూడా. 1970 ఫిబ్రవరి 13, శుక్రవారం విడుదలైంది. రికార్డింగ్ మొత్తం అంతకుముందు అక్టోబరులో దాదాపు ఒక్క రోజులో అయిపోయింది. స్టేజీ మీద ఎలా వాయిస్తారో అలాగే. వాన, గంట మోత, ఆ తర్వాత మూడు స్వరాలు. కింద షడ్జమం, పైస్థాయి షడ్జమం, అక్కడి నుంచి ప్రతి మధ్యమం. అంతే. మూడో స్వరం మీద వేలు ఊగుతూ ఆగిపోతుంది.

షడ్జమం నుంచి ప్రతి మధ్యమానికి ఉన్న ఈ దూరాన్ని పాశ్చాత్య సంగీత పండితులు పూర్వం దూరం పెట్టారు, దానికి సైతాను పేరు కూడా తగిలించారు. హెవీ మెటల్ గురించి రాసేవాళ్లంతా అక్కడే ఆగి, ఆ స్వరంలోనే భయం ఉందన్నట్టు రాస్తారు. తెలుగువాళ్లు దీన్ని అలాగే ఒప్పుకోవలసిన పనిలేదు. డెబ్భై రెండు మేళకర్తల్లో సగం, 37 నుంచి 72 వరకు, ప్రతి మధ్యమం మీదే నిలబడ్డాయి. కల్యాణిలో అది మంగళప్రదం, పెళ్లి పందిట్లో నాదస్వరం మీద విని ఎవరూ జడుసుకోరు. త్యాగరాజు పూర్వీకుల కాకర్ల, శ్యామశాస్త్రి పూర్వీకుల కంభం రెండూ ఉమ్మడి ప్రకాశం పడమటి సీమవే. ఆ ఇద్దరి కీర్తనల్లో ఈ మధ్యమం ఎన్ని భావాలు పలికిందో సంగీతం వినేవాళ్లకు చెప్పక్కర్లేదు. మరి సబాత్ పాటలో భయం ఎక్కడి నుంచి వచ్చింది? దాని పరిసరాల నుంచి. కల్యాణిలో ప్రతి మధ్యమం పక్కనే పంచమం ఉంటుంది, గాంధారం ఉంటుంది, స్వరం ఎక్కడికో నడుస్తున్నట్టుంటుంది. అయోమీ పంచమం మీద నిలవనివ్వలేదు. ఆధారం వినిపించి, ఎత్తు చూపించి, మధ్యలో తెగిపోయిన చోట నిలబెట్టేశారు. దానికి తోడు అతి విలంబ కాలం. వినేవాడు పంచమం కోసం కాచుకుని ఉంటాడు, అక్కడ నిలకడ దొరకదు. బట్లర్ ఆ రోజుల్లో హోల్స్ట్ రాసిన 'మార్స్' అనే ఆర్కెస్ట్రా రచన వాయించుకుంటూ ఉండటం ఈ రిఫ్‌కు ప్రేరణ అయింది. అంటే స్వరం పుస్తకాల్లో ఉన్నదే, దాన్ని ఒంటరిగా వదిలేసిన ధైర్యం అయోమీది.

మొదటి ఆల్బమ్‌ను విమర్శకులు తీసిపారేశారు. జనం కొన్నారు. బ్రిటన్‌లో 8వ స్థానం దాకా వెళ్లింది. అదే ఏడాది సెప్టెంబరులో వచ్చిన 'ప్యారనాయిడ్' మొదటి స్థానానికి చేరింది. ఆ పేరున్న పాట ఆల్బమ్‌లో ఖాళీ పూరించడానికి నిమిషాల్లో కట్టింది. అది బ్రిటన్ సింగిల్స్‌లో 4వ స్థానానికి ఎక్కింది. 'వార్ పిగ్స్' వియత్నాం యుద్ధకాలంలో యుద్ధం చేయించేవాళ్లను తిట్టిన పాట. సైతాను బ్యాండ్ అని పేరు పడిన ఆ నలుగురూ ఆస్టన్ కార్మికవాడ కుర్రాళ్లు, వాళ్ల పాటల్లో యుద్ధం, మత్తు, మతి చెదరడం వంటి నేల మీది భయాలే ఎక్కువ.

క్రమశిక్షణ ఎక్కడి నుంచి వచ్చిందో కూడా చెప్పాలి. 1968 డిసెంబరులో అయోమీ కొద్ది రోజులు జెత్రో టల్ బ్యాండ్‌లో చేరారు. ఆ బ్యాండ్ వాళ్లు పొద్దున్నే తొమ్మిదింటికి రిహార్సల్‌కు కూర్చునేవాళ్లు. అది చూసి, తిరిగి వచ్చి, తన స్నేహితులకూ అదే షిఫ్టు పెట్టారు. పొద్దున్నే లేవని వాళ్లను బండి వేసుకుని ఇంటింటికీ వెళ్లి తీసుకొచ్చేవారు. ఆ తర్వాత మూడేళ్లలోపే మూడు ఆల్బమ్‌లు వచ్చాయంటే ఆ తొమ్మిది గంటల రిహార్సల్‌కు వాటా ఉంది.

మంచి రోజులు ఎక్కువ కాలం నిలవలేదు. 1972 నాటికి డబ్బు, కొకైన్ రెండూ చేతికందాయి. 1973లో ఒక దశలో అయోమీకి ఒక్క రిఫ్ కూడా తట్టలేదు. ఒక పాత కోట కిందిగదుల్లో రిహార్సల్ పెట్టుకున్నాక 'సబాత్ బ్లడీ సబాత్' వచ్చింది. 1975 నాటి 'సాబటాజ్' కోర్టు వ్యాజ్యాల మధ్య తయారైంది. 1979లో గాయకుడు ఆజీ ఆజ్‌బోర్న్‌ను బ్యాండ్ తీసేసింది.

చాలామందికి కథ అక్కడితో సరి. కానీ గిటారిస్టుగా అయోమీని అర్థం చేసుకోవాలంటే 1980 తప్పనిసరి. రోనీ జేమ్స్ డియో గాయకుడిగా వచ్చి 'హెవెన్ అండ్ హెల్' తయారైంది. 'ఐరన్ మ్యాన్' వింటే ఆజీ గొంతు గిటార్ రిఫ్ ఎటు పోతే అటే పోతుంది, కచేరీలో వయొలిన్ గాయకుణ్ణి పట్టుకుని నడిచినట్టు. ఇక్కడ మాత్రం పట్టుకుని నడిచేది గొంతు. డియో అలా పాడరు. రిఫ్ ఒక దారిన పోతుంటే ఆయన స్వరం దానికి అడ్డంగా వేరే దారి వేసుకుంటుంది. దీంతో గిటార్‌కు ఖాళీ దొరికింది. రిఫ్ పాట వరసను మోయవలసిన భారం తగ్గి, తాళంతో ఆడుకునే వీలు వచ్చింది. అయోమీ సోలోల్లో అత్యంత పొందికైనవి ఆ ఆల్బమ్‌లో ఉన్నాయని గట్టిగా వాదించవచ్చు. గాయకుడు మారితే వాయించేవాడి చెయ్యి ఎంత మారుతుందో చూడటానికి ఇంతకంటే మంచి ఉదాహరణ రాక్ చరిత్రలో అరుదు.

తర్వాత పదిహేనేళ్లు గందరగోళం. గాయకులు వచ్చారు, వెళ్లారు. 1986లో సోలో ఆల్బమ్‌గా అనుకున్న దాన్ని కూడా బ్యాండ్ పేరు మీదే విడుదల చేయాల్సి వచ్చింది. ఈ కాలమంతా బ్యాండ్‌లో విడవకుండా ఉన్నది అయోమీ ఒక్కరే. ఆ పేరును అంత కాలం లాక్కొచ్చి ఉండకూడదని అనేవాళ్లున్నారు. కొన్ని ఆల్బమ్‌లు వింటే వాళ్ల మాట నిజమే అనిపిస్తుంది. కానీ టోనీ మార్టిన్ పాడిన 1989 నాటి 'హెడ్‌లెస్ క్రాస్'ను ఆ గంపలో పడేయడం అన్యాయం. 1997లో పాత నలుగురూ మళ్లీ కలిశారు. ఆ కచేరీల్లో రికార్డు చేసిన 'ఐరన్ మ్యాన్'కు 2000లో గ్రామీ వచ్చింది, పాట పుట్టిన ముప్ఫై ఏళ్లకు.

2012 జనవరిలో ఆయనకు లింఫోమా అని బయటపడింది. అప్పటికే బ్యాండ్ కొత్త ఆల్బమ్ పని మొదలుపెట్టింది. మిగతావాళ్లు అమెరికా నుంచి ఇంగ్లండ్‌కు వచ్చి ఆయన దగ్గరే పని సాగించారు. టూర్ తేదీలు చికిత్స తేదీలను బట్టి వేసుకున్నారు. కొన్ని వారాలు వాయించడం, ఇంటికొచ్చి మందు ఎక్కించుకోవడం, మళ్లీ బయల్దేరడం. 2013 జూన్‌లో '13' విడుదలై బ్రిటన్‌లోనూ అమెరికాలోనూ మొదటి స్థానానికి వెళ్లింది. బ్రిటన్‌లో 'ప్యారనాయిడ్' తర్వాత దాదాపు 43 ఏళ్లకు, అమెరికాలో అసలు మొదటిసారి. ఇక్కడ కూడా పద్ధతి పాతదే. పనిని శరీరానికి తగ్గట్టు అమర్చుకోవడం. 2017 ఫిబ్రవరి 4న బర్మింగ్‌హామ్‌లో బ్యాండ్ ఆఖరి టూర్ ముగించింది. 2025 జులై 5న అదే ఊళ్లో, ఆస్టన్‌లోని విల్లా పార్క్ మైదానంలో, పాత నలుగురూ ఒక్కసారి కలిసి వాయించారు. ఆ తర్వాత పదిహేడు రోజులకు, జులై 22న, ఆజీ పోయారు.

కరవది నుంచి వెళ్లిన షేక్ చినమౌలానా నాదస్వరానికి చేసిన సేవ ఈ ప్రాంతం వాళ్లకు తెలిసిందే. ఆ వాయిద్యం అడుగున కొన్ని రంధ్రాలను మైనంతో మూసో, కొంత తీసో వాయించేవాడు నాదాన్ని తనకు తగ్గట్టు దిద్దుకుంటాడు. కొన్న వాయిద్యాన్ని కొన్నట్టే వాయించాలన్న నియమం మన సంప్రదాయంలోనూ లేదు. గిటార్ నేర్పేచోట మాత్రం ఆ నియమం ఎక్కడి నుంచో వచ్చి కూర్చుంది. లావు తీగలే వేయాలి, మూడు శ్రుతిలోనే ఉండాలి, బ్యారె కార్డు (ఒకే వేలిని అడ్డంగా పెట్టి అన్ని తీగలూ నొక్కేది) రాకపోతే గిటార్ రానట్టే అని కుర్రాళ్లను నెలల తరబడి ఏడిపించే మాస్టార్లున్నారు. చెయ్యి చిన్నదైనా, వేలికి పాత దెబ్బ ఉన్నా, ఎడమచేతి వాటం అయినా మొదట మార్చవలసింది గిటార్‌నే.

చేసి చూడాలనుకునేవాళ్లకు పద్ధతి కష్టమేమీ కాదు. మొదట ఆరు తీగలనూ సమానంగా అర శ్రుతి, అంటే ఒక మెట్టు దించి కొన్ని రోజులు వాయించాలి. వేలికి తేడా వెంటనే తెలుస్తుంది. మూడు మెట్లూ దించితే మాత్రం సన్న తీగలు వదులై ఫ్రెట్లకు తగిలి గరగరమంటాయి. అప్పుడు బ్రిడ్జి (గిటార్ ఒంటి మీద తీగలు ఆనే భాగం) దగ్గర తీగ ఎత్తు కొద్దిగా పెంచాలి. అడుగు రెండు తీగలు ఒక సైజు లావువి వేసుకున్నా మంచిదే, దించిన శ్రుతిలో వాటి బిగువు వేలికి ఇబ్బంది పెట్టదు. తీగ మార్చిన ప్రతిసారీ పన్నెండో ఫ్రెట్ దగ్గర నొక్కిన స్వరం, ఖాళీ తీగకు పైస్థాయి స్వరం ఒకటేనా అని ట్యూనర్‌తో చూసుకోవాలి. నొక్కిన స్వరం ఎక్కువ పలికితే బ్రిడ్జి మీద ఆ తీగ ఆనే ముక్కను వెనక్కి, తక్కువ పలికితే ముందుకు జరపాలి. ఒక స్క్రూడ్రైవర్ చాలు.